నల్లమల: కొండ, అడవి, నీటిజాడ

భూగోళ పాఠ్యపుస్తకములలో నల్లమల కొండలకు లభించిన చోటు మిక్కిలి స్వల్పము. ఇవి తూర్పు కనుమలలో ఒక భాగమనియు, కృష్ణా పెన్నా నదుల నడుమ ఉత్తర దక్షిణములుగా వ్యాపించియున్నవనియు, దట్టమైన అడవులతో నిండియున్నవనియు మూడు వాక్యములు చెప్పి పాఠము ముందుకు సాగిపోవును. పరీక్షలో మనమును ఆ మూడు వాక్యములనే వ్రాసి మార్కులు పొందుదుము. కాని నంద్యాల, ఆత్మకూరు, కంభము, మార్కాపురము, అచ్చంపేట మొదలగు ఊళ్ళవారికి ఈ కొండలు పాఠములోనివి మాత్రమే కావు. అవి ప్రతి ఉదయము మిద్దెపై నుండి కనబడు నీలిరేఖ. అనుదినము కంటికి ఆనుచున్నదానిని గురించి మూడు వాక్యములకు మించి తెలియకుండుట విద్యార్థులకు శోభనీయము కాదు.

ఈ వ్యాసమున మేము నల్లమలలో చూడదగిన స్థలములను వరుసగా ఏకరువు పెట్టబోవుట లేదు. ఆ స్థలములు అచ్చటచ్చటనే ఏల వెలసినవి? బాటలు ఆ త్రోవలనే ఏల పట్టినవి? చెంచుల పెంటలు, గుడులు, చెరువులు, రైలు స్టేషనులు ఆయా చోటులనే ఏల ఏర్పడినవి? అను ప్రశ్నలకు సమాధానము వెదకుచున్నాము. ఒక్క మాటలో చెప్పవలెనన్న ఆ సమాధానము నీరు. నల్లమల పటమును నీటిజాడల పటముగా చదువగలిగినచో తక్కినదంతయు తనంతట తానే బోధపడును.

ఉనికి, ఎల్లలు

పాత జిల్లాల లెక్కప్రకారము కర్నూలు, కడప, ప్రకాశము, గుంటూరు, మహబూబ్‌నగరు, నల్లగొండ జిల్లాలలో నల్లమల అడవి వ్యాపించియున్నది. పడమట కుందేరు లోయ కలదు. దానికి ఆవల ఎర్రమలలు. తూర్పున కంభము, మార్కాపురము మైదానములు, వాటికి ఆవల వెలికొండలు. దక్షిణమున ఈ కొండలు పెన్నను సమీపించి, నది దాటిన పిమ్మట శేషాచలములు వచ్చును. ఉత్తరమున కృష్ణానది లోతైన అగాధమును కోసికొని ప్రవహించుచున్నది. ఆ నదికి ఆవలిదే అమ్రాబాదు పీఠభూమి. శిఖరములలో భైరానికొండ, గుండ్ల బ్రహ్మేశ్వరము ముఖ్యములు. ఈ రెండును సముద్రమట్టమునకు 900 మీటర్లకు పైబడినవే.

మన పెద్దలు ఈ ప్రాంతమును మరియొక విధముగా గుర్తుపెట్టుకొనిరి. శ్రీశైలమునకు నాలుగు ద్వారములు కలవని చెప్పుదురు. తూర్పున త్రిపురాంతకము, దక్షిణమున సిద్ధవటము, పడమట అలంపురము, ఉత్తరమున ఉమామహేశ్వరము. పటముపై ఈ నాలుగింటిని గుర్తించి గీతతో కలిపి చూడుడు. నల్లమలలో అత్యధిక భాగము ఆ గీత లోపలనే ఇమిడియుండును. సిద్ధవటము పెన్న ఒడ్డున, అలంపురము తుంగభద్ర ఒడ్డున ఉన్నవి. పటములు లేని కాలమున యాత్రికుని మనస్సున నిలిచిన పటమిది. శేషుని పడగ తిరుమల, నడుము అహోబిలము, తోక శ్రీశైలము అను కథయు ఇట్టిదే. వేరువేరు పేర్లతో నున్న కొండలు ఒకే వరుసకు చెందినవని ఆ కథ సామాన్యునకు సులభముగా బోధించినది.

శిలలు చెప్పు కథ

నల్లమల శిలలు కడప హరివాణమునకు చెందినవి. భూమిపై జంతుజాలము అవతరించుటకు ఎంతో పూర్వము, ఇచ్చటనొక విశాలమైన పల్లమున నీరు నిలిచి, ఇసుకయు బురదయు పొరలు పొరలుగా పేరుకొనినవి. కాలక్రమమున ఇసుకపొరలు గట్టిపడి క్వార్ట్‌జైటు అను కఠినశిల అయినవి. బురదపొరలు షేలుగను, పలకరాతిగను మారినవి. పిమ్మట తూర్పుదిక్కు నుండి కలిగిన ఒత్తిడికి ఆ పొరలు చాపచుట్టినట్లు ముడుతలు పడినవి. నేడు నంద్యాల నుండి గిద్దలూరు పోవు దారిలో రాతిపొరలు ఒరిగియు, వంగియు, కొన్నియెడల నిలువుగను కనబడుట ఆ ముడుతల ఫలితమే.

కృష్ణకు ఉత్తరమున దృశ్యము వేరు. అచ్చట రాతిపొరలు పెక్కుచోట్ల దాదాపు సమతలముగా పరచినట్లున్నవి. అందుచేతనే దక్షిణమున వరుస వరుసలుగా కొండలు, ఉత్తరమున బల్లపరుపు పీఠభూమి ఏర్పడినవి. ఒకే పేరుగల అడవిలో ఈ రెండు స్వరూపములకు కారణము శిలల అమరికయే.

ఈ శిలలతో మనకు చిన్ననాటి చుట్టరికము కూడ కలదు. ఓనమాలు దిద్దిన రాతిపలక జ్ఞాపకమున్నదా? దానికి పేరుపొందిన ఊరు మార్కాపురము. అచ్చటి గనులలోని పలకరాయి నల్లమల శిలాసమూహమునకు చెందినదే. ఒక పాతకాలపు సముద్రపు బురదపై మనలో ఎందరో అ ఆలును, అలిఫ్ బేలును వ్రాసికొని చెరిపికొంటిమి. తెలుగు అక్షరమునకును ఉర్దూ అక్షరమునకును ఆ పలక ఒక్కటే.

రాతి నడుమ నీరు

క్వార్ట్‌జైటు మిక్కిలి కఠినము. వాన దానిని కరగింపలేదు. కాని దానియందు అసంఖ్యాకమైన పగుళ్ళు కలవు. వాననీరు ఆ పగుళ్ళ వెంట లోనికి దిగును. క్రిందనున్న షేలు పొర నీటిని సులభముగా పోనీయదు. అడ్డగింపబడిన నీరు ప్రక్కకు జరిగి, కొండ అడుగునో లోయ అంచుననో ఊటయై బయల్పడును. పైన చెట్టును, ఆకుదుబ్బును ఉన్నచో వాననీరు నెమ్మదిగా ఇంకును. అవి లేనిచో ఒక్క పూటలో వాగై పొర్లిపోయి, మట్టిని కూడ వెంటగొనిపోవును. కనుక నల్లమలలో ఊటకు రాయి తల్లి, చెట్టు దాది.

నంద్యాలకు సమీపమున కొండ పాదమున వెలసిన మహానంది ఇందులకు చక్కని ఉదాహరణము. అచ్చటి కోనేటిలోనికి ఎడతెగక ఊరు నీరు, అడుగున పడిన నాణెము కనబడునంత తేట. ఆలయమున స్నానమునకు ఉపయోగపడిన ఆ నీరు వెలుపలికి ప్రవహించి పొలములను తడుపును. మహానంది అరటితోటల పచ్చదనమునకు ఆ ఊటయే మూలము. భక్తునికి తీర్థము, రైతునకు కాలువ, భూగోళ విద్యార్థికి పాఠము మూడును అచ్చట ఒక్కటే.

నదుల విషయము చూడుడు. గుండ్లకమ్మ గుండ్ల బ్రహ్మేశ్వరము ప్రాంతమున పుట్టి తూర్పు మైదానమునకు దిగి బంగాళాఖాతమున కలియుచున్నది. సగిలేరు తూర్పు అంచువెంట దక్షిణముగా పారి పెన్నలో కలియును. పడమటి వాలున కురిసిన వాన అనేక వాగుల రూపమున కుందేరును చేరి, దానితో పెన్నకు పోవును. ఉత్తరపు వాలుల నీరు కృష్ణలో పడును.

కంభము వద్ద గుండ్లకమ్మ రెండు కొండల నడుమనున్న ఇరుకుసందున బయటికి వచ్చుచున్నది. ఆ సందును మూసినచో వెనుక మహాజలాశయము ఏర్పడునని గ్రహించిన పూర్వుల బుద్ధి ప్రశంసనీయము. కంభం చెరువు విజయనగర రాజకుమారి వరదరాజమ్మ కట్టించినదని ప్రసిద్ధి. అంతర్జాతీయ నీటిపారుదల సంస్థ 2020లో దీనిని వారసత్వ నీటిపారుదల కట్టడముగా గుర్తించినది. కొద్దిపాటి కట్టతో అధికమైన నీటిని నిలుపుటకు కొండయే సగము పని చేసిపెట్టినది.

దారులు, పేర్లు

కొండను దాటుటకు అనువైన సందును తెలుగున కనుమ అందురు. ఉర్దూ, హిందీల నుండి వచ్చిన ఘాటు అను మాటయు మనకు అలవడినది. నంద్యాల గిద్దలూరుల నడుమనున్న నంది కనుమ వీనిలో పేరెన్నికగన్నది. ఆత్మకూరు నుండి దోర్నాలకును, హైదరాబాదు నుండి మన్ననూరు మీదుగ శ్రీశైలమునకును మరి రెండు ఘాటుదారులు కలవు.

ఈ మార్గములందలి పేర్లను పరిశీలించుట ఆసక్తికరము. ఉగాదికి శ్రీశైలము చేరుటకు కన్నడదేశపు భక్తులు నేటికిని కాలినడకన అడవిలో ప్రవేశింతురు. వారు విడియు చోట్లు వరుసగా నాగలూటి, పెచ్చెరువు, మఠం బావి, భీముని కొలను. ఉర్దూ తెలిసిన మిత్రులకు నాగలూటి అనగానే లూటీ స్ఫురింపవచ్చును. భయపడనక్కరలేదు. అందులో మాకు వినబడుచున్నది ఊట అను మాట. బైర్లూటి అను పేరును ఇట్టిదే. పెచ్చెరువు అనగా పెద్ద చెరువు. ఇక బావి, కొలను అను మాటలకు వ్యాఖ్య అవసరము లేదు. ఊట, చెరువు, బావి, కొలను, ఇదే ఆ దారి! బాట కొండపై గీసినది కాదు. నీటి నుండి నీటికి నడచిన పాదములు వేసినది. పదునాలుగవ శతాబ్దమున శ్రీశైలమునకు మెట్లు కట్టించిన రెడ్డిరాజు ప్రోలయ వేముడును ఇట్టి యాత్రికుల శ్రమను తగ్గింపదలచినవాడే.

రైలుమార్గమును ఇదే సూత్రమును అనుసరించినది. 1880ల దశకమున నంద్యాల గిద్దలూరుల నడుమ కొండలను తొలిచి మీటరుగేజి దారి వేసిరి. దొరబావి వద్ద లోయపై నిర్మించిన ఎత్తైన వంతెన ఆ కాలపు ఇంజనీర్ల నేర్పునకు తార్కాణము. 1990ల దశకమున ఈ మార్గమును బ్రాడ్‌గేజికి మార్చినపుడు పాతదారి విడువబడెను. ఈ దారిలోని ఒక స్టేషను పేరు చలమ. ఇసుకలో గుంటత్రవ్వి నీరు తోడుకొను చెలమ అందు మనకు వినవచ్చుచున్నది. దొరబావిలోను బావియే యున్నది!

ఇక ఉత్తరమున ఫరహాబాదు, అమ్రాబాదు అను పేర్లను గమనింపుడు. ఫరహ్ అనగా సంతోషము. నిజాము ప్రభువుల వేటవిడిది గల ఆ స్థలమునకు అది తగిన పేరే. ఆబాద్ అనగా జనులు నివసించి సాగుచేసికొను చోటు. ఆ మాటలో ఆబ్, అనగా నీరు, ఉన్నదని సామాన్యులు భావింతురు. భాషాశాస్త్రజ్ఞులు ఈ వ్యుత్పత్తిని అంగీకరింపరు. వ్యుత్పత్తి ఎట్లున్నను, నీరులేక ఆబాదు లేదను లోకానుభవము మాత్రము సత్యము. తెలుగువాడు ఊటి అని, కొలను అని, ఉర్దూభాషి ఆబాదు అని పేరుపెట్టిన చోటులలో మనుష్యుని అవసరము ఒక్కటిగనే యున్నది.

కృష్ణ: ఎల్లయు, వంతెనయు

శ్రీశైలము వద్ద కృష్ణానది అడవిని రెండుగా చీల్చుచున్నది. చరిత్రలో ఈ నది పెక్కుమార్లు సరిహద్దయినది. 1800లో నిజాము దత్తమండలములను ఈస్టిండియా కంపెనీకి ఒప్పగించెను. 1839లో కర్నూలు నవాబుల పాలన ముగిసెను. అప్పటినుండి నదికి దక్షిణము ఆంగ్లేయుల ఏలుబడిలోను, ఉత్తరము నిజాము రాజ్యములోను ఉండెను. 1956లో రెండు తీరములు ఒక రాష్ట్రమున చేరినవి. 2014లో మరల రెండు రాష్ట్రములైనవి.

ఈ అగాధమునందే శ్రీశైలము ఆనకట్ట నిర్మింపబడినది. 1963లో జవహర్‌లాల్ నెహ్రూ శంకుస్థాపన చేసిన ఈ కట్టడము ఎత్తు 145 మీటర్లు, పొడవు 512 మీటర్లు. జలాశయమున మునిగిన ఊళ్ళ జనులు ఇల్లు విడిచి పోవలసివచ్చెను. పెక్కు ప్రాచీనాలయములను విప్పి అలంపురము మొదలగు చోట్ల తిరిగి నిలిపిరి. సంగమేశ్వరాలయము మాత్రము నేటికిని నీరు తగ్గినపుడు బయల్పడుచు, వరద వచ్చినపుడు మునుగుచున్నది. 2009 అక్టోబరున ఈ ఆనకట్టకు 25 లక్షల క్యూసెక్కులకు మించిన వరద వచ్చెను. ఆ దినములలో కర్నూలు నగరము నీట మునిగిన సంగతి లోకవిదితము.

అడవి ఎంత దుర్గమమైనదో అదే సంవత్సరము మరియొక విషాదము తెలిపినది. 2009 సెప్టెంబరు 2వ తేదీన అప్పటి ముఖ్యమంత్రి వై.యస్. రాజశేఖరరెడ్డి ప్రయాణించుచున్న హెలికాప్టరు పావురాలగుట్టపై కూలినది. ఆయనయు, వెంటనున్న నలుగురును మరణించిరి. ప్రభుత్వబలగములు పెద్దయెత్తున వెదకినను ఆ చోటు కనుగొనుట మరునాటికి గాని సాధ్యపడలేదు.

అడవియు, అడవి బిడ్డలును

నల్లమద్ది, చిరుమాను, ఏగిస, టేకు, ఇప్ప, తునికి, వెదురు ఈ అడవిలో ముఖ్యమైన వృక్షములు. ఇది ఎండకాలమున ఆకురాల్చు అడవి. చైత్రమున మోడువారి కనబడిన కొండ, తొలకరి పడిన కొలది దినములకే పచ్చబడును. పెద్దపులి, చిరుతపులి, ఎలుగుబంటి, రేచుకుక్క, కణుజు, దుప్పి, కొండగొర్రె మున్నగునవి ఇందు నివసించుచున్నవి. 1978లో అభయారణ్యముగా ప్రకటింపబడి, 1983లో పులుల సంరక్షణ పథకమున చేరిన నాగార్జునసాగర్ శ్రీశైలము అరణ్యము, వైశాల్యమున దేశమునందలి పులుల అరణ్యములలో ప్రథమస్థానమున నిలిచినది. రాష్ట్రవిభజన పిదప ఉత్తరభాగము అమ్రాబాదు పులుల అరణ్యమను పేర తెలంగాణలో వేరైనది. కాగితముపై గీత పడినది గాని, పులికి ఆ గీత తెలియదు.

ఈ అడవికి అందరికన్న పాత కాపులు చెంచులు. వారి నివాసమునకు పెంట యనియు, గూడెమనియు పేరు. మైదానమున పెంట అనగా చెత్తకుప్ప అని నవ్వువారు కలరు. అడవిలో అది మనుష్యులుండు చోటు. సున్నిపెంట, రోళ్ళపెంట మొదలగు పేర్లు అట్లేర్పడినవే. తేనె, గడ్డలు, ఇప్పపువ్వు వారి సాంప్రదాయిక ఆహారము. శ్రీశైల మల్లికార్జునుని చెంచు మల్లయ్య అని వారు తమవానిగ చెప్పుకొందురు. అహోబిల నరసింహుడు చెంచులక్ష్మిని పెండ్లాడి వారికి అల్లుడైనాడు. మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ అమ్రాబాదు చెంచుల నడుమ నివసించి వారిని గూర్చి వ్రాసిన గ్రంథము 1943లో వెలువడినది. ఏ బండక్రింద వేసవిలోను చెలమ ఊరునో, ఏ చెట్టు కాచిన సంవత్సరమున వాన బాగుండునో వారు చెప్పగలరు. అది ఏ పాఠ్యపుస్తకమునను దొరకదు. వారి పిల్లలు ఆ విద్యను మరచి, మన విద్యయు అందక, రెండింటికి చెడుచున్నారు. ఇది మన సమాజమంతయు సిగ్గుపడవలసిన విషయము.

మన కర్తవ్యము

నల్లమల రాళ్ళపై నేడు పెక్కు కోరికలు వ్రాలుచున్నవి. ఉత్తరమున క్వార్ట్‌జైటు పొర క్రిందనున్న గ్రానైటును ఆనుకొను చోట యురేనియము కలదు. దాని అన్వేషణ వార్తలకు జనులు కలతచెంది ఉద్యమింపగా, 2019 సెప్టెంబరున తెలంగాణ శాసనసభ నల్లమలలో యురేనియము త్రవ్వకములకు వ్యతిరేకముగా తీర్మానించెను.

కృష్ణాజలములను నల్లగొండ వైపునకు గొనిపోవుటకు అమ్రాబాదు కొండల క్రింద త్రవ్వుచున్న సొరంగమున 2025 ఫిబ్రవరి 22వ తేదీన పైకప్పు కూలి, నీరును బురదయు వెల్లువయై పడినవి. లోపల చిక్కుకొన్న ఎనిమిదిమంది శ్రామికులలో ఒక్కరును ప్రాణములతో వెలికిరాలేదు. కరవుపీడిత ప్రాంతములకు నీరు కావలెననుట న్యాయమే. తూర్పున వెలిగొండ పథకపు సొరంగములును మార్కాపురము వైపు ఫ్లోరైడు నీటితో బాధపడు గ్రామముల దాహము తీర్చుటకు ఉద్దేశింపబడినవే. మేము వానిని కాదనుట లేదు. కాని రాతి నడుమ నీరుండునను సత్యమును మరచినచో కొండ ఎంతటి మూల్యము వసూలు చేయునో ఆ ఎనిమిది ప్రాణములు చెప్పుచున్నవి.

విద్యార్థులమైన మనము చేయగల పని కొంత కలదు. శ్రీశైలమునకో, అహోబిలమునకో, మల్లెలతీర్థమునకో విహారయాత్ర వెళ్ళినపుడు ఛాయాచిత్రములతో తృప్తిపడక, ఆ ఊటకు నీరెచ్చటినుండి వచ్చుచున్నదని అడుగుదము. ఊరి పేరులోని నీటిని గుర్తించి, ఆ నీరు నేడున్నదా ఇంకిపోయినదా అని పెద్దలను ప్రశ్నించి వ్రాసికొందము. తెలుగు విద్యార్థియు, ఉర్దూ విద్యార్థియు జంటగా పోయినచో ఒకరికి తెలియని పేరు మరియొకరికి విప్పిచెప్పగలరు. కళాశాల యాజమాన్యము వారు ఏటేటి విహారయాత్రను ఇట్టి అధ్యయనయాత్రగా మార్చి, ఆ వివరములను గ్రంథాలయమున భద్రపరచిన, కొన్నేండ్లకు అది నల్లమల నీటిజాడల పుస్తకమగును.

ఇకముందు పరీక్షలో నల్లమలలను గురించి వ్రాయుమని ప్రశ్న వచ్చినచో, ఆ మూడు వాక్యములకు నాలుగవదానిని చేర్చుదము: ఈ కొండలలో బాటలు, ఊళ్ళు, గుడులు నీటి వెంట ఏర్పడినవి, ఆ నీటిని అడవి కాపాడుచున్నది. ఆ వాక్యమునకు మార్కులు రాకపోయినను, మన ఊరి బావిలో నీరు నిలుచుటకు అది తోడ్పడును.